రుద్రభూమికి కొత్త మట్టి

పటమట, విజయవాడ
27 సెప్టెంబరు 2024

వదినగారికి,

శౌరమ్మ నమస్కారాలు. నా దగ్గర్నుంచి ఉత్తరం వస్తుందని మీరు అనుకుని ఉండరు. మొన్న ఫోన్ చేస్తే మీ హరిబాబు తీశాడు. "చెవిలో మిషను పెట్టినా అమ్మకి ఫోనులో మాట అందట్లేదత్తయ్యా, ఏదన్నా ఉంటే నాకు చెప్పు" అన్నాడు. చెప్పాల్సింది కొడుక్కి కాదు, మీకే. అందుకని కాగితం తీశాను. టెలిఫోన్ ఎక్స్ఛేంజిలో కూర్చుని ఎక్కడెక్కడి ఊళ్ళనో కలిపినదాన్ని, చివరికి సొంత ఆడపడుచుకి స్టాంపు అంటించి రాయాల్సొచ్చింది చూడండి.

వరద మా వీధి దాకా రాలేదు. బుడమేరు పొంగి ఊళ్ళో అవతలి సగం మునిగిన సంగతి టీవీలో చూసే ఉంటారు. మన నేతవాళ్ళ రుద్రభూమి ఆ సగంలోనే ఉంది. నీళ్ళు తీశాయని తెలిసి నిన్న వెళ్ళాను. గేటు సగానికి ఒండ్రు పట్టి తెరుచుకోలేదు, గోడ కూలిన చోటు నుంచి లోపలికెళ్ళాను. సమాధుల మధ్య ఎవరిదో ప్లాస్టిక్ కుర్చీ, ఖాళీ గ్యాసు సిలిండరు, స్కూలు సంచీ ఉన్నాయి. మీ తమ్ముడి రాయి పక్కకి ఒరిగిపోయింది. పక్కనున్న బోరు నీళ్ళు పోసి కొబ్బరి పీచుతో రుద్దితే దుర్గాశంకర్ అన్న పేరు బయటపడింది. ఆయన పోయిన ఆరేళ్ళలో ఆ రాయి ముందు నాకు ఏడుపు రావడం అదే మొదలు.

ఆయన దొరికారు. అత్తగారు దొరకలేదు. "అమ్మని నేరేడు చెట్టు కింద పెట్టారు" అని ఆయన అనేవారు. ఆ చెట్టుని ప్రహరీ మళ్ళీ కట్టినప్పుడు కొట్టేశారట. అప్పట్లో రాయి వేయించే స్తోమత మావయ్యగారికి లేదని కూడా చెప్పారు. మీకేమన్నా ఆనవాలు తెలుసా? ఈ బురద గట్టిపడితే ఇక ఏదీ కనపడదు. అందుకే ఇంత తొందరపడి అడుగుతున్నాను.

మీ
శౌరమ్మ


పెడన
9 అక్టోబరు

శౌరమ్మకు రాజేశ్వరి రాయడం ఏమనగా,

ఉత్తరం అందింది. కోడలు మాధురి జవాబు రాసిపెడతానంది. నా చెయ్యింకా పడిపోలేదు, అక్కర్లేదన్నాను.

మా ఇంట్లో ఆడవాళ్ళు రుద్రభూమికి వెళ్ళరు. ఇది నీకు తెలియని సంగతి కాదు. మీవాళ్ళలో పండక్కి వెళ్ళి సున్నాలు వేసి కొవ్వొత్తులు పెడతారేమో. మాకు పెద్దకర్మతో సరి. ఆ తర్వాత అటు చూడం. నువ్వు వెళ్ళి పీచుతో తోముతుంటే నలుగురూ ఏమనుకుంటారు?

అడిగావు గనక చెబుతున్నాను. ఆ స్థలం మా తాతల నాటిది. ఈ చుట్టుపక్కల ఊళ్ళ నుంచి బట్టల మూటలు ఎత్తుకుని బెజవాడ సంతకి పోయేవాళ్ళు కొందరు అక్కడే జబ్బుపడి పోయేవారట. మనది కాల్చే ఆచారం కాదు. పరాయి ఊళ్ళో పూడ్చడానికి చోటివ్వరు. అప్పుడు పెద్దలు కూర్చుని, మగ్గానికో పంచె చొప్పున నేసి ఇమ్మన్నారు. ఆ పంచెలన్నీ అమ్మి ఊరి బయట పల్లపు చేను ఒకటి కొన్నారు. పల్లం కాబట్టే చవకగా వచ్చింది.

మా అమ్మ రాఘవమ్మ ఊరు కాని ఊళ్ళో పోయినవాళ్ళలో ఒకత్తె. కడుపులో గడ్డని బెజవాడ ఆస్పత్రికి తీసుకెళ్ళాం. నాకు పద్నాలుగేళ్ళు, తోడుగా ఉన్నది నేనే. తమ్ముడు చిన్నవాడు. పోయాక అమ్మని అక్కడికి మోసుకెళ్ళారు. గేటు దగ్గర "ఆడపిల్ల లోపలికి రాకూడదు" అని నన్ను ఆపేసి తమ్ముడి చెయ్యి పట్టుకుని తీసుకెళ్ళారు. నాన్న చౌడయ్య బట్టల మూట నా ఒళ్ళో పెట్టి వెళ్ళాడు. అది పట్టుకుని గేటు బయట కూర్చున్నాను. కాబట్టి ఆనవాలు నన్నడిగి లాభం లేదు.

రాజేశ్వరి


పటమట
24 అక్టోబరు

వదినగారికి,

నలుగురూ ఏమనుకుంటారని అడిగారు. అక్కడ అనుకోడానికి నలుగురెక్కడున్నారండీ? నేనూ, కంప నరికే మనిషీ, అప్పుడప్పుడూ కమిటీ పెద్ద సుబ్బరత్నం గారూ. ఆయన మొదట నన్ను చూసి ఇబ్బందిగా కదిలారు గానీ, రెండోసారి తనే గొడుగు పట్టారు.

గేటు బయట మీరు కూర్చున్న సంగతి మీ తమ్ముడు ఎప్పుడూ చెప్పలేదు. ఆయనకి తెలియదేమో కూడా.

ఇప్పుడొక పెద్ద విషయం. రుద్రభూమిని నాలుగడుగులు మెరక చేయాలని కమిటీ అనుకుంటోంది. చుట్టూ ఇళ్ళు లేచి, రోడ్లు లేచి, మనది గిన్నె అడుగులా మిగిలింది. వాన పడితే నీళ్ళు పోయే దారి లేదు. మట్టి తోలించాలంటే పాత సమాధులన్నీ కిందకి పోతాయి. రాయి ఉన్నవాళ్ళు దాన్ని పైకి తీసి, సరిగ్గా ఆ చోటు మీదే మళ్ళీ నిలబెట్టుకోవచ్చు. రాయి లేనివాళ్ళ గుర్తులు ఇక ఉండవు. అందుకని సుబ్బరత్నం గారు, "అక్కడ మనిషున్న ప్రతి ఇంటినీ అడుగుతాం. ఒక్క ఇల్లు కాదన్నా మట్టి దించం" అన్నారు. అత్తగారి తరఫున చెప్పాల్సింది మీరు.

నా మనసులో మాట దాచను. మెరక చేయాలనే నేను అంటాను. ఎందుకో చెబుతాను. పదిహేను రోజుల కిందట, వాన ముసురులో, నేను రాయి నిలబెట్టించడానికి మేస్త్రీని తీసుకెళ్ళాను. అప్పుడే ఒక ముసలావిడని తెచ్చారు. కూర్చోబెట్టి, పూలు కట్టి, మెడలో లింగకాయతో ఎంత చక్కగా ఉందో. గొయ్యి రెండడుగులు తవ్వేసరికి నీళ్ళు ఊరాయి. మోటారు పెట్టి తోడారు. తోడిన కొద్దీ ఊరింది. ఇంకోచోట తవ్వారు, అక్కడా అంతే. ఆవిణ్ణి గోడ వార దింపి మీద గొడుగులు పట్టుకుని నిలబడ్డారు. మంత్రం చెప్పడానికొచ్చిన జంగమయ్య చేతిలో విభూతి తడిసి ముద్దయింది. "నీళ్ళల్లో కూర్చోబెట్టమంటే నా వల్ల కాదు నాయనా" అన్నాడు.

చివరికి కృష్ణ ఒడ్డుకి తీసుకెళ్ళి దహనం చేశారు. వెళ్ళేముందు కొడుకు నా పక్కన నిలబడి, "మట్టిలో కలవాల్సిన మనిషండీ మా అమ్మ. నిప్పుకి ఇవ్వాల్సొస్తోంది" అన్నాడు. నలభై ఏళ్ళ మగవాడు, పిల్లాడిలా అన్నాడు. ఆవిడ పేరు రామతులసి. మీ పెడన ఆడపడుచేనట.

మీరు ఏం చెబితే అది కమిటీలో చెబుతాను.

శౌరమ్మ


పెడన
1 నవంబరు

శౌరమ్మకు,

నేను ఒప్పుకోను.

అమ్మకి రాయి లేదు, చెట్టు లేదు. ఉన్నదల్లా ఆ నేల. దాన్ని కూడా నాలుగడుగుల కిందకి తొక్కేస్తారా? ఆ రోజు నాన్న మూటలోంచి ఒక చీర తీసి అమ్మకి చుట్టాడు. నేను నేసిన మొదటి చీర అది. అంచు దగ్గర పోగులు తప్పాయి, అమ్ముడుపోదని మూట అడుగున వేశాడు. అది ఎక్కడుందో నాకు తెలియకపోయినా, ఆ గేటు లోపల, అందినంత లోతులో ఉందని యాభై ఏళ్ళుగా అనుకుంటున్నాను. నీకిది అర్థం కాదు. నువ్వు మా ఇంట్లో పుట్టినదానివైతే మెరక అన్న మాట నీ నోట వచ్చేది కాదు.

కమిటీకి ఇదే చెప్పు. మార్చి చెప్పకు.

రాజేశ్వరి


పటమట
14 నవంబరు

వదినగారికి,

మార్చలేదు. మొన్న ఆదివారం కమిటీలో నిలబడి, "రాఘవమ్మగారి కూతురు ఒప్పుకోవడం లేదు" అని చెప్పాను. రామతులసి గారి కొడుకు కూడా వచ్చాడు. తల దించుకున్నాడు. సుబ్బరత్నం గారు, "అయితే ఆపుదాం. మాట ఇచ్చాం కదా" అన్నారు. పని ఆగింది.

మీరు రాసిన ఆఖరి మాటకి రెండు రోజులు అన్నం సయించలేదు. దాస్తే ఈ ఉత్తరాలెందుకని రాస్తున్నాను. తర్వాత చీర సంగతి మళ్ళీ చదివాను. కోపం నిలవలేదు.

రెండో తారీఖు మాకు ఆత్మల పండుగ. గుణదల వెళ్ళి అమ్మానాన్నలకి పూలు పెట్టాను. మా నాన్న ఉన్న చోటే అమ్మనీ పెట్టారు. చోటు చాలక మాలో అలా చేస్తారు, పాత మనిషి మీద కొత్త మనిషి. మొదట విన్నప్పుడు నేనూ మీలాగే గొడవ చేశాను. మీ తమ్ముణ్ణి చేసుకున్నాక నాన్న బతికుండగా నాతో మాట్లాడలేదు. ఆయన మీద మట్టి తవ్వుతుంటే నాతో తగువు ఇంకా లోతుకి పోతుందేమో అనిపించింది, పిచ్చి ఆలోచన. మా మేనత్త నన్ను పక్కకి లాగి, "ఒసేయ్, ఆయన చెయ్యి చాస్తే మీ అమ్మ అందుతుంది. నీకేంటే బాధ?" అంది. నవ్వొచ్చింది. ఆ నవ్వుతోనే మట్టి వేశాను.

మిమ్మల్ని మార్చడానికి చెప్పడం లేదు. ఒక్కటే అడుగుతాను. కాదనండి, ఔననండి, ఒకసారి వచ్చి చూసి అనండి. గేటు దగ్గర ఇప్పుడు ఎవరూ ఆపరు. నేను పక్కనుంటాను.

శౌరమ్మ


పెడన
29 నవంబరు

శౌరమ్మకు,

వచ్చే ఆదివారం పొద్దున బస్సుకి మాధురిని తోడు తీసుకుని వస్తున్నాను. కమిటీవాళ్ళని రుద్రభూమి దగ్గర ఉండమను. ఏం చెబుతానని అడక్కు, నాకే తెలియదు. కాఫీలో పంచదార వెయ్యకు.

రాజేశ్వరి


పెడన
16 డిసెంబరు

అమ్మా శౌరీ,

క్షేమంగా చేరాం. ఉయ్యూరు దగ్గర చెరకు ట్రాక్టర్లు అడ్డంపడి బస్సు చాలాసేపు ఆగింది. బస్సంతా బెల్లప్పాకం వాసన. మాధురి నిద్రపోయింది, నేను అంతా మళ్ళీ మొదట్నుంచీ తలుచుకున్నాను. నువ్వు పక్కనే ఉన్నా, నీకు తెలియనివి రెండు మూడు ఉన్నాయి.

మొదటిది రామతులసి. ఆ పేరు నువ్వు రాసినప్పుడే పోల్చుకున్నాను. కోపంలో ఉండి ఆ ఊసే ఎత్తలేదు. మా అమ్మ పోయి వచ్చాక నాకు మగ్గం మీద చెయ్యి ఆడేది కాదు. పోగు తెగితే ఏడుస్తూ కూర్చునేదాన్ని. పక్కింటి రామతులసి వచ్చి తెగిన పోగు నా చేతే అతికించేది. నాకంటే రెండేళ్ళు పెద్దది, అంతే. పెళ్ళయి బెజవాడ వెళ్ళాక మళ్ళీ చూడలేదు. నవంబరులో ఆమె కొడుకు ఇక్కడ చుట్టాలని చూడడానికొచ్చి మా ఇంటికీ వచ్చాడు. కమిటీలో కాదన్నది నేనేనని వాడికి తెలుసు. ఒక్క మాట అనలేదు. "అమ్మ మీ గురించి చెప్పేదండీ" అని కాళ్ళకి దండం పెట్టి వెళ్ళిపోయాడు. వాడు తిట్టి ఉంటే నేను వచ్చేదాన్ని కాదు.

రెండోది, గేటు దగ్గర. నువ్వు నా చెయ్యి పట్టుకున్నావు, నేను విదిలించుకున్నాను. నీ మీద కోపంతో కాదే. ఆ అడుగు నా అంతట నేనే వెయ్యాలనిపించింది. లోపలికెళ్ళి చూస్తే, ఏముంది? ఎండిన ఒండ్రు, నెర్రెలు, ఒరిగిన రాళ్ళు, రెండు మేకలు. ఇన్నేళ్ళూ భయపడింది దీనికా అనుకున్నాను. నేరేడు చెట్టు ఇక్కడుండేది అక్కడుండేది అని సుబ్బరత్నం నాలుగు చోట్లు చూపించాడు, పాపం. ఏదో ఒకటి చూపించాలని ఆయన ఆరాటం. నేను ఆపేశాను. "ఏదైతేనేం బాబూ, ఈ గోడల మధ్యే కదా" అన్నాను. అప్పుడే మనసు కుదుటపడింది. మట్టి పోయించండి అన్నాను.

దారికని తోలించిన మట్టికుప్ప దగ్గరికెళ్ళి గంప అడిగినప్పుడు అందరూ నా మొహం చూశారు. సుబ్బరత్నం "మీకెందుకమ్మా శ్రమ" అన్నాడు. నాకు శ్రమ కాదు శౌరీ. తమ్ముడు పిడికెడు మట్టి వేసి చేతులు దులుపుకుంటూ వచ్చాడు ఆ రోజు. వాడి చేతులు చూస్తూ కూర్చున్నాను. ఇప్పుడు గంపెడు వేశాను. నువ్వు రెండో గంప ఎత్తుకుంటుంటే రామతులసి కొడుకు నీ చేతిలోంచి తీసుకుని, "ఇది నేను వేస్తానండీ" అన్నాడు. వేశాక మేమిద్దరం చాలాసేపు అక్కడే ఉన్నాం. నువ్వు టీలు తేవడానికి వెళ్ళావు.

ఇక మూడోది. నువ్వు అటు వెళ్ళగానే తమ్ముడి రాయి చూశాను. దాని పక్కన ఒక మనిషికి సరిపడా చోటు, శుభ్రంగా, కంప లేకుండా ఉంది. "ఇదెవరిది?" అని అడిగాను. సుబ్బరత్నం గొంతు తగ్గించాడు. నాకు గట్టిగా చెప్పినా వినపడదాయె! ఆయన అన్న మాటల్ని మాధురి వచ్చి నా చెవిలో చెప్పింది. "మీ మరదలుగారు అడిగారండీ, ఆయన పోయిన ఏడే. ఆవిడ పుట్టుక వేరు కాబట్టి భర్త తరఫు రక్తసంబంధం ఎవరైనా సరేనంటే ఇస్తామన్నాం. ఆవిడ మళ్ళీ రాలేదు. అయినా ఎవరికీ ఇవ్వకుండా ఉంచాం."

ఆరేళ్ళు. ఒక్కసారి నన్ను అడగలేదు. ఇన్ని ఉత్తరాలు రాశావు, అమ్మ కోసం రాశావు, రామతులసి కోసం రాశావు. నీ కోసం ఒక్క వాక్యం లేదు. నేను కాదంటానని అనుకున్నావు. అప్పుడు అడిగి ఉంటే కాదనేదాన్నేమో కూడా. అది మనిద్దరికీ తెలుసు, ఇక దాని గురించి మాట్లాడుకోవద్దు.

సుబ్బరత్నానికి నేను చెప్పింది ఇది: "రక్తసంబంధం నేనున్నాను. ఆమె మా ఇంటి మనిషి. ఆ చోటు ఆమెది. రాయి మీద శిలువే చెక్కించుకుంటుందో, ఏం చెక్కించుకుంటుందో ఆమె ఇష్టం, మీరెవరూ నోరెత్తకూడదు." గట్టిగానే చెప్పినట్టున్నాను, మేకలు కూడా తలెత్తాయి.

నువ్వు టీలు తెచ్చేసరికి అందరం నీవైపే ఎందుకు చూశామో ఇప్పుడు తెలిసిందా?

నీ వదిన
రాజేశ్వరి


పటమట
11 జూలై 2025

వదినా,

మధ్యలో రాసిన మూడు ఉత్తరాల్లో ఎండల గురించి, కీళ్ళ నొప్పుల గురించి రాశాను గానీ, మీ డిసెంబరు ఉత్తరానికి జవాబు రాయలేదు. రాయడానికి కూర్చున్నప్పుడల్లా కాగితం తడిసిపోయింది. ఇవాళ రాస్తాను.

ముందు పని కబురు. వేసవంతా ట్రాక్టర్లు తిరిగాయి. రాళ్ళన్నీ తీసి వరసగా గోడకి ఆనించారు. మట్టి పోసి, నీళ్ళు కొట్టి, రోలరు తిప్పి, కొలతలు చూసుకుని ఎవరి రాయి వాళ్ళ చోట పెట్టారు. గోడ వెంట కాలవ తీసి రోడ్డు కాలవలో కలిపారు. రాయి లేనివాళ్ళందరి కోసం గేటు లోపల ఒక అరుగు కట్టారు. దాని మీద పేర్లు లేవు. అక్కడ ఎవరు పూలు పెట్టినా ఎవరో ఒకరికి చెందుతాయని సుబ్బరత్నం గారి మాట. నేను అత్తగారికని పెట్టి వస్తున్నాను.

మొన్న ఆషాఢం ముసురులో ఒక పెద్దాయన్ని తెచ్చారు. గొయ్యి తవ్వుతుంటే అందరం వంగి చూస్తూనే ఉన్నాం. నీళ్ళు రాలేదు వదినా. అడుగు దాకా పొడిమట్టి. ఉప్పు, విభూతి, మారేడు దళం వేసి, ఆయన్ని కూర్చోబెట్టి, ఆచారం ప్రకారం జరిపించారు. వాళ్ళ ఇంటి ఆడవాళ్ళు గేటు బయటే నిలబడబోతే సుబ్బరత్నం గారే, "లోపలికి రండమ్మా, వానలో ఎందుకు" అన్నారు. వాళ్ళు వచ్చారు.

ఇక నా సంగతి. మీ మాట విన్నాక మా తమ్ముడికి చెప్పాను. వాడు చిన్నబుచ్చుకున్నాడు. "గుణదలలో అమ్మానాన్నల దగ్గర నీకూ చోటుందక్కా, ఫాదర్‌గారితో నేను మాట్లాడతాను" అన్నాడు. ఇంటికొచ్చి చాలాసేపు కూర్చున్నాను. పెళ్ళి చేసుకున్న కొత్తలో మీ తమ్ముడూ నేనూ అద్దెగదిలో ఉండేవాళ్ళం. పండగొస్తే వెళ్ళడానికి అటూ గుమ్మం లేదు, ఇటూ గుమ్మం లేదు. సినిమాకి వెళ్ళి వచ్చేవాళ్ళం. అలాంటిదాన్ని, ఇప్పుడు రెండు చోట్ల నాకు నేల పెట్టి రమ్మంటున్నారు. ఇంతకంటే నాకేం కావాలి?

తమ్ముడికి నచ్చజెప్పాను. ప్రార్థన గుణదలలో చేయించు, మనిషిని మాత్రం మా ఆయన పక్కకి తీసుకెళ్ళు అన్నాను. సరేనన్నాడు.

ఒక్కటి మిగిలింది. రాయి పైకి తీసేటప్పుడు మేస్త్రీ చేతుల్లో ఆయన రాయి నిలువునా చీలింది. కొత్తది చెక్కిస్తున్నాను. చెక్కేవాడు, "మీ పేరు కూడా కింద వేసి ఉంచమంటారా అమ్మా, తర్వాత తేదీ ఒకటి వేసుకోవచ్చు" అన్నాడు. వేయమన్నాను. పక్కన చిన్న శిలువ కూడా. "ఇంటిపేరు?" అని అడిగాడు. ఉద్యోగంలో చివరిదాకా మా నాన్న ఇంటిపేరే ఉంది. మీది రాసుకోమని ఎవరూ అనలేదు, నేనూ రాసుకోలేదు. మీరు చెప్పాక చెబుతానని వచ్చేశాను.

ఏం రాయించమంటారు?

మీ
శౌరి


పెడన
17 జూలై

శౌరీ,

ఇదీ ఒక ప్రశ్నేనా? ఊటుకూరి శౌరమ్మ అని రాయించు. మొదటిది దీర్ఘం. తమ్ముడి పాత రాయి మీద ఆ చెక్కేవాడు పొట్టి ఉ వేశాడు, డిసెంబరులో చూసి ఒళ్ళు మండింది, రుద్రభూమిలో ఏం తగువులే అని ఊరుకున్నాను. ఈసారి ఇద్దరివీ నువ్వే దగ్గర నిలబడి చెక్కించు.

తేదీకి మాత్రం తొందరేం లేదు. శ్రావణం వస్తోంది, మగ్గం మీద నీకు చీర ఉంది. రంగు నచ్చకపోతే ఇప్పుడే చెప్పాలి, కాబట్టి ఈ ఆదివారమే బయల్దేరి రా.

వదిన